శిఖరమున ఒంటరితనము – పడివద్ద సన్నిధి



ఆనందనిలయమున శ్రీవారి గర్భాలయమునకు ముందున్న గడపకు కులశేఖరపడి యని పేరు. తిరుమలయాత్ర చేసిన వారందరును ఈ మాట వినియే యుందురు. పడి యనగా ద్రావిడభాషలో మెట్టు. ఒక మహారాజు పేరు ఒక మెట్టునకు ఏల వచ్చెనో పెద్దలు చెప్పుచుండగా మనము చిన్ననాటినుండి వినుచునే యున్నాము. ఈ నెల ఆ కథనే మరల తలచుకొనవలెనని సంకల్పించితిని. అయితే ఈసారి దానిని నాకు గుర్తుచేసినది ప్రబంధపారాయణము కాదు. పెద్దల ఉపన్యాసమును కాదు. సముద్రముల కావల, అమెరికాదేశమున, నా మనుమడు వినిపించిన ఒక పాట. దానిని పాడినవారు మన మతమువారు కారు, మన భాషవారు కారు. అయినను ఆ పాటలోని ఆర్తి నన్ను చేయిపట్టి తీసికొని వచ్చి శ్రీవారి గడపవద్ద నిలిపినది. ఆ విధమెట్టిదో మనవి చేసెదను.

కొంతకాలము క్రిందట న్యూజెర్సీ రాష్ట్రమున నున్న మా అమ్మాయి ఇంటిలో కొన్ని మాసములు ఉండవలసివచ్చినది. చలికాలము. వీధిలో మంచు మోకాలిలోతున పడియున్నది. అల్లుడును అమ్మాయియు ఉద్యోగములకు పోగా, పగలెల్ల నేను ఒక్కడనే పారాయణము చేసికొనుచుండువాడను. మనుమడు పాఠశాలనుండి వచ్చి, నాకు నమస్కరించి, తన గదిలోనికి పోయి తలుపు మూసికొనువాడు. పిల్లవాడు బుద్ధిమంతుడు, చదువులో ముందున్నవాడు, మాటలో వినయము గలవాడు. కాని ఆ మూసిన తలుపును చూచినప్పుడెల్ల నా మనస్సునకు ఏదో వెలితిగా ఉండెడిది. ఒకనాటి రాత్రి నిద్రపట్టక నేను లేచి కూర్చుండగా వాని గదిలో దీపము వెలుగుచున్నది. తలుపు తట్టితిని. చెవులకు తగిలించుకొన్న యంత్రమును తీసివేసి, “రండి తాతయ్యా” అనినాడు.

“ఏమి వినుచున్నావు నాయనా?” అని అడిగితిని.

“మీకు నచ్చదు తాతయ్యా. ఇది హిప్ హాప్” అని నవ్వినాడు.

“నచ్చుటయు నచ్చకపోవుటయు విన్నపిమ్మట గదా! నాకును వినిపింపుము. అర్థమును చెప్పుము” అంటిని.

ఆ రాత్రి వాడు గురువైనాడు, నేను శిష్యుడనైతిని. పాఠశాలలో పన్నెండేండ్లు కావ్యములు వల్లించిన నాకు ఆ బాలుడు చెప్పిన పాఠము క్రొత్తది. మీకును దాని చరిత్రమును కొంత చెప్పుట యవసరము.

న్యూయార్కు నగరములో బ్రాంక్స్ అను ప్రాంతము కలదు. 1973వ సంవత్సరము ఆగస్టు 11వ తేదీన అచ్చట ఒక వసతిగృహమున జరిగిన వేడుకయందు, జమైకానుండి వచ్చి స్థిరపడిన కుటుంబమునకు చెందిన కూల్ హెర్క్ అను యువకుడు రెండు యంత్రములపై పాటల పళ్లెరములను త్రిప్పుచు, తాళము మాత్రము మ్రోగు ఘట్టములను మరలమరల వినిపించినాడట. హిప్ హాప్ అను కళకు అదియే జన్మదినమని చెప్పుదురు. ఆ తాళమునకు అనుగుణముగా రాగము లేకుండ, వేగముగా, ప్రాసలు కూర్చి మాటలాడునట్లు పాడుటకు ర్యాప్ అని పేరు. పేదరికమున నున్న నల్లజాతివారును, దక్షిణపు ద్వీపములనుండి వచ్చినవారును తమ కష్టసుఖములను చెప్పుకొనుటకు ఈ మార్గమును కనుగొనిరి. వారిలో ఇరువురు కవులు ఎదురెదురుగా నిలిచి ఆశువుగా వాదమునకు దిగుటయు కలదు. ఈ మాట వినగానే నాకు మన అవధానులు స్మృతికి వచ్చిరి. అంత్యప్రాసల కూర్పును చూడగా, ఎచ్చటి మనుష్యునకైనను శబ్దముపై ప్రీతి యొక్కటియే గదా యనిపించినది. ఆ పాటలలో గృహస్థుల ఇండ్లయందు వినదగని పరుషపదములు మెండుగా ఉన్నవి. వానిని నేను సమర్థింపను. కాని బురదలో పడిన మాణిక్యమునకు బురద అంటినదని దానిని మాణిక్యము కాదనుట న్యాయము కాదు.

ఆనాడు నా మనుమడు వినిపించిన పాట పేరు ‘ది మాన్‌స్టర్’. రాక్షసుడని, పిశాచమని మనము చెప్పుకొనవచ్చును. 2013వ సంవత్సరము అక్టోబరు మాసమున వెలువడినది. ఎమినెమ్ అను పేరుతో ప్రసిద్ధుడైన కవియు, బార్బడోస్ ద్వీపమున జన్మించిన రిహాన్నా అను గాయనియు కలసి పాడినారు. అమెరికాలో పాటల ప్రాచుర్యమును లెక్కించు పట్టికయందు అది ప్రథమస్థానమున నిలిచినది. 2015లో గ్రామీ పురస్కారమును పొందినది. కీర్తిని గూర్చిన దుఃఖగీతమునకు మరింత కీర్తి లభించుట విచిత్రము. కాని ఆ విచిత్రములోనే ఉన్నది మన విచారణకు విషయము.

ఈ ఎమినెమ్ అసలు పేరు మార్షల్ మాథర్స్. 1972లో మిస్సోరీ రాష్ట్రమున పుట్టినాడు. పసికందుగా ఉన్నపుడే తండ్రి విడిచిపోయినాడు. తల్లితో ఊరూర తిరిగి, కడకు డెట్రాయిట్ నగరప్రాంతమున పెరిగినాడు. బడిలో తోటిపిల్లలచేత దెబ్బలు తిన్నాడు. తొమ్మిదవ తరగతి మూడు పర్యాయములు తప్పి, చదువు మానినాడు. భోజనశాలలో పాత్రలు కడిగి, వంటపని చేసి పొట్టపోసికొనుచు, రాత్రులందు పాటలు వ్రాసికొన్నాడు. అట్టివాడు 1999 నాటికి దేశమంతట తెలిసినవాడైనాడు. 2000వ సంవత్సరమున వెలువడిన వాని గీతసంపుటి అమెరికాలో ఒక్క వారములోనే 17 లక్షల ప్రతులకు పైగా అమ్ముడుపోయినది. ఏమి కావలెనని కోరినాడో అది వానికి వచ్చినది. కోరినదానికంటె ఎక్కువగనే వచ్చినది.

ఆ వచ్చినదానితోపాటు మరి కొన్నియు వచ్చినవి. నిద్రమాత్రలకు, నొప్పిమాత్రలకు వశుడైనాడు. 2006లో ప్రాణమిత్రుడు డెట్రాయిట్‌లో తుపాకిదెబ్బకు మరణించినాడు. దుఃఖము పెరిగినకొలది మాత్రలును పెరిగినవి. 2007 డిసెంబరులో అవి అతిమాత్రమై ప్రాణాపాయస్థితిలో ఆసుపత్రికి చేర్పబడినాడు. 2008 ఏప్రిల్ మాసమునుండి ఆ వ్యసనమును విడిచి, ఏటేట ఆ నియమమును నిలుపుకొనుచున్నట్లు తానే లోకమునకు తెలిపినాడు. ఇది మెచ్చదగిన పౌరుషము. అతనిని నిందించుటకు ఈ వృత్తాంతమును చెప్పుటలేదు. లక్షలమంది చేతులెత్తి కేకలు వేయుచుండగా ఒక మనుష్యుడు ఎంత ఒంటరిగా ఉండగలడో తెలియుటకు చెప్పుచున్నాను.

ఆ పాట తాత్పర్యము నా మనుమడు చెప్పినంతవరకు ఇది. నా విద్యను లోకము గుర్తింపవలెనని కోరితిని. వీధిలోనికి వచ్చినపుడు మాత్రము నన్ను నా మానమున నుండనిచ్చిన చాలుననుకొంటిని. ఆ రెండును ఒకచోట దొరకవని పిమ్మట తెలిసినది. పేరు రాగా అహంకారము ఉబ్బినది, మనస్సు చెదరినది. ఇట్లు ఆ కవి చెప్పుచుండగా, మంచముక్రింద పొంచియున్న పిశాచముతోడనే స్నేహము కుదిరినదని, తలలోని కేకలతోడనే కాపురము చేయుచున్నానని ఆ గాయని పల్లవిగా పాడుచుండును. తోడుగా మనుష్యుడు లేడు. కనుక తన భయమే తనకు తోడైనది! ఎంత దీనమైన మాట!

“ఇతడొక్కడేనా నాయనా?” అంటిని. కాదని, వాడు మరొక పాటను గూర్చి చెప్పినాడు. బ్రూక్లిన్‌లో పుట్టిన క్రిస్టఫర్ వాలెస్ అను మహాకాయుడైన ర్యాప్ కవి, నోటోరియస్ బి.ఐ.జి. యను పేరుతో ప్రఖ్యాతుడు, ఇరువురు మిత్రులతో కలసి ధనము పెరిగినకొలది చిక్కులు పెరుగునను అర్థము వచ్చు పేరుతో ఒక పాట పాడినాడు. అది 1997 వేసవిలో వెలువడి అమెరికాలో మొదటి స్థానమునకు ఎక్కినది. కాని వినుటకు అతడు లేడు. ఆ సంవత్సరము మార్చి 9వ తేదీన లాస్ ఏంజిలిస్ నగరమున తుపాకిగుండ్లకు నేలకూలినాడు. అప్పటికి అతని వయస్సు 24 సంవత్సరములు. ఆ పాట చిందులువేయించునట్టి పాటయట. చిందులు వేసినవారిలో ఎందరు దాని పేరును తలచిరో!

ఇంతవరకు చెప్పి నా మనుమడు కొంతసేపు ఊరకున్నాడు. పిదప మెల్లగా, “తాతయ్యా, నాకు ఇతని మాట అర్థమవుతుంది. నా ఫోనులో 800 మంది స్నేహితులున్నారు. కాని రాత్రిపూట మనసు బాగాలేకపోతే పిలవడానికి ఒక్కరూ లేరు. నాకే ఇట్లా ఉంటే, కోట్లమంది ఉన్న అతనికెట్లా ఉంటుంది?” అనినాడు.

ఆ మాట నా గుండెలో దిగినది. వెంటనే నాకు సమాధానము తోచలేదు. తోచినది నా సొంత అనుభవము. దానిని ఆనాడు వానికి చెప్పితిని. ఈనాడు మీకును సిగ్గువిడిచి చెప్పుచున్నాను.

ఉద్యోగవిరమణకు ముందు ఒక పట్టణమున నాకు ఘనసన్మానము జరిగినది. శాలువ కప్పినారు, పూలదండలు వేసినారు, బిరుదుపత్రమును చదివినారు. నా పాండిత్యమును నేనే ఎరుగనంతగా వక్తలు వర్ణించినారు. సభ ముగిసినది. నన్ను ఒక వసతిగృహమున దింపి అందరును వెడలిపోయినారు. రాత్రి పదిగంటలైనది. మడికట్టుకొనువాడను గనుక బయట తినను. ఆనాడు పగలును భోజనము లేదు. మంచముపై శాలువ, దండలు, పత్రము. గదిలో నేనొక్కడను. “అయ్యా, భోజనమైనదా?” అని అడిగిన ప్రాణి లేడు. వారి తప్పు కాదు; నేను మహాపండితుడను గదా, నాకేమి కొరత యుండునని అనుకొనియుందురు. కుండలోని నీరు త్రాగి పండుకొంటిని. నిజము చెప్పవలెనన్న, ఆ రాత్రి నన్ను బాధించినది ఆకలి కాదు. వారు సన్మానించినది నన్ను కాదు, నా పేరును అని తెలిసిపోవుట. మరునాడు ఇంటికి చేరి అంతయు మరచి, మరల ఎవరైనను సన్మానమునకు పిలుతురా యని ఎదురుచూచితిని! ఆ కవి పాటలో చెప్పిన పిశాచము నా మంచముక్రిందను ఉన్నదే!

ఇక దీని కారణమును విచారింతము. ధనము వచ్చిన, కీర్తి వచ్చిన మనుష్యుడు ఒంటరివాడగుట ఏల? చుట్టును జనమున్నారు గదా?

జనమున్నారు. కాని వారు అతనిని చూచుటకు వచ్చినవారు. అతడు చూడబడువాడు. లక్షలమంది చూచుచుండగా కదలక నిలిచి, వారి కోరికలనన్నిటిని వినుచు, అలయక, మత్తిల్లక, ప్రతియొక్కరిని తానును తిరిగి చూడగలవాడు ఎవడు? సప్తగిరులపై నిలిచియున్న శ్రీనివాసుడొక్కడే. వేలసంఖ్యలో భక్తులు నిత్యము ఆయన యెదుట క్షణకాలము నిలిచి సాగిపోవుచుందురు. అయినను బయటికి వచ్చిన ముసలమ్మను అడుగుడు: “స్వామి నన్ను చూచినాడు నాయనా” అని చెప్పును. “నేను స్వామిని చూచితిని” అనుటకంటె ఆ మాటనే ముందుగా చెప్పును. అందరిచేత చూడబడుచు, అందరిలో ఒక్కొక్కరిని చూచుట సర్వజ్ఞుడైన భగవంతునికి మాత్రమే చెల్లును. మనుష్యుని అట్టి స్థానమున నిలిపిన నిలువజాలడు. వానికి రెండే కన్నులు. వాని హృదయము చిన్నది. జనులు చూచుచుందురు, వాడు ఎవరిని చూడవలెనో తెలియక చీకటిని చూచును. అదియే ఒంటరితనము.

ఆలయమున శిలకు ప్రాణప్రతిష్ఠ చేసి, ఆగమోక్తముగా స్వామిని ఆవాహన చేసినపుడు అది అర్చామూర్తి యగుచున్నది. లోకము చేయుపని దీనికి విరుద్ధము. ప్రాణమున్న మనుష్యుని తెచ్చి, ప్రాణము తీసి, విగ్రహముగా చేసి నిలుపును. వాని బొమ్మను గోడలపై అతికించును, వాని పేరును కేకలువేయును. ఆ బొమ్మ వెనుక ఆకలియు, భయమును, నిద్రపట్టని రాత్రియు గల ప్రాణి యొకడున్నాడని మరచును. ఇందు ఆరాధించువారి తప్పు కొంత, ఆరాధనను కోరువాని తప్పు కొంత.

అయితే సంపదయే పాపమా? కాదు. మనము శ్రీవైష్ణవులము. మన స్వామి శ్రియఃపతి. ఆయన వక్షఃస్థలమున లక్ష్మి నిత్యము నెలకొనియున్నది. సంపదను ద్వేషించువారము కాము. భాగవతమున కుంతీదేవి శ్రీకృష్ణుని స్తుతించుచు చెప్పిన మాట యొకటి కలదు. ఉత్తమమైన పుట్టుక, ఐశ్వర్యము, విద్య, సౌందర్యము – వీనివలన మదము పెరిగినవాడు స్వామిని నోరార పిలువలేడనియు, తనదని చెప్పుకొనుటకు ఏమియు లేనివానికే ఆయన కానవచ్చుననియు ఆ తల్లి తాత్పర్యము. గమనింపుడు: సంపద గలవానికి స్వామి దూరమని ఆమె చెప్పలేదు, మదము గలవానికి పిలుపు రాదని చెప్పినది. పిలువజాలనివాడే ఒంటరివాడు. వినువాడు సిద్ధముగా ఉన్నను, వీనికి గొంతు పెగలదు.

కుచేలోపాఖ్యానమును ఈ దృష్టితో చదువుడు. ద్వారకలో శ్రీకృష్ణునికి ఏమి కొరత? మేడలు, రాణులు, మంత్రులు, సేనలు. వచ్చువారందరును ఏదో యొక పనిమీద వచ్చువారే. అట్టిచోటికి చిరిగిన ఉత్తరీయముతో ఒక పేదబ్రాహ్మణుడు వచ్చినాడు. భార్య అడుగుమని పంపినది. కాని స్వామిని చూడగానే అడుగవలసినది మరచినాడు. ఆయన దూరమునుండి చూచి పర్యంకమునుండి దిగివచ్చి కౌగిలించుకొన్నాడు, కాళ్లు కడిగినాడు, సాందీపనిగురువుల యింట కట్టెలకు పోయి వానలో తడిసిన రాత్రిని తలచుకొన్నాడు. జగన్నాథుడే, ఏమియు అడుగని మిత్రునికొరకు ఎదురుచూచుచున్నట్లు నటించినాడు. మనకు నేర్పుటకే ఈ లీల. ధనవంతుని దారిద్ర్యమేమనగా, వాని వాకిటికి కుచేలుడు రాకపోవుట. వచ్చినను కావలివారు లోనికి పంపకపోవుట. కథాంతమున కుచేలునకు సంపద వచ్చినది; అయినను అతడు దానికి లొంగక, స్వామిని తలచుకొనుచునే జీవించినాడు. సంపద అతనిని ఒంటరివానిని చేయలేదు. ఏలయన, అతడు దానికంటె ముందుగా ఒకరివాడైయున్నాడు.

“ఒకరివాడగుట” – దీనికే మన సంప్రదాయమున శేషత్వమని పేరు. “నేనెవరిని?” అను ప్రశ్నకు లోకము, “నీవు ఇంత ధనము గలవాడవు, ఇంత పేరు గలవాడవు” అని చెప్పును. రామానుజదర్శనము, “నీవు ఆయనవాడవు” అని చెప్పును. మొదటి సమాధానము మారుచుండును, రెండవది మారదు.

ఇప్పుడు కులశేఖరపడి కథకు వత్తము. కులశేఖరాళ్వారులు చేరదేశమును పాలించిన ప్రభువు. సింహాసనము, ఛత్రము, చతురంగబలము కలవాడు. రాజు చుట్టును ఎందరుందురో, వారిలో రాజును గాక రాజ్యమును ప్రేమించువారు ఎందరుందురో ఆయనకు తెలియును. అందుచేత భాగవతులగోష్ఠినే కోరి, వారితోడనే కాలము గడపుచుండెను. మంత్రులకు కన్నుకుట్టినది. స్వామివారి ఆభరణము నొకదానిని దాచి, వైష్ణవులే దొంగిలించిరని చెప్పిరి. ప్రభువు విచారణ చేయలేదు, శంకింపలేదు. విషసర్పమును ఉంచిన కుండను తెప్పించి, “భాగవతులు దోషులైనచో ఇది నన్ను కాటువేయుగాక” అని చేయిపెట్టెను. పాము కరువలేదు. మంత్రులు తలలు వంచి నిజము చెప్పిరి. తనవారికొరకు పాముకుండలో చేయిపెట్టగల విశ్వాసమున్నవానికి ఒంటరితనము ఎక్కడిది?

ఆ మహానుభావుడు పెరుమాళ్ తిరుమొళియందు తిరువేంకటమును గూర్చి చెప్పిన పాశురములలో తన కోరికలను వరుసగా విన్నవించినాడు. రాజశరీరము వలదు, కొండపై కోనేటిలో కొంగగా నైనను పుట్టుదును, కాదేని అక్కడి నీటిలో చేపగా, కాదేని స్వామియెదుట బంగారుపాత్ర పట్టుకొను సేవకునిగా, కాదేని సంపెంగచెట్టుగా, పొదగా – ఇట్లు సాగును ఆ ప్రార్థన. నడుమ, ఆ కొండపై బంగారు శిఖరముగా నైనను ఉండుదునని కోరినాడు. ఇక్కడ మనము నిలిచి ఆలోచింపవలెను. రాజు గదా, శిఖరమువద్ద ఆగియుండవచ్చును. ఆగలేదు. శిఖరమునుండి కొండవాగుగా దిగినాడు. వాగునుండి భక్తులు నడచు బాటగా మారినాడు. బాటనుండి స్వామి సన్నిధిలోని మెట్టుగా నిలిచినాడు. ఎక్కినవాడు ఎట్లు దిగవలెనో ఇంతకంటె చక్కగా చెప్పినవారు లేరు.

శిఖరమును అందరును దూరమునుండి చూతురు. ఎవ్వరును దానివద్ద నిలువరు. అక్కడ గాలియు చలియు తప్ప తోడు లేదు. మెట్టును ఎవ్వరును పొగడరు. దానిపై పాదములు పడును. కాని దానికి కలిగిన భాగ్యము శిఖరమునకు లేదు. మెట్టు స్వామి ముఖమును ఎడతెగక చూచుచుండును. భక్తుల పాదధూళి దానికి సోకును. ఒకవైపు భగవంతుడు, ఒకవైపు భాగవతులు. అది ఒంటరిగా ఉండు క్షణమే లేదు. చూడబడవలెనను కోరికను విడిచి, చూచుట అను సుఖమును ఎన్నుకొన్నందున ఆ ప్రభువు పేరు నేటికిని ఆ గడపపై నిలిచియున్నది. కీర్తిని కోరనివానికి ఎంతటి కీర్తి లభించినదో చూడుడు!

శ్రీకృష్ణదేవరాయలును ఈ మార్గమునే గ్రహించినాడు. 1513వ సంవత్సరము మొదలు ఏడు పర్యాయములు శ్రీవారిని సేవించి, అపారమైన ఆభరణములను సమర్పించినాడు. ఆలయప్రవేశమున నేడును మనకు కనిపించు ఆయన ప్రతిమ కత్తి దూసి లేదు, గుఱ్ఱమెక్కి లేదు. తిరుమలదేవి, చిన్నాదేవులతో కూడ చేతులు జోడించి నిలిచియున్నది. తన బొమ్మను నిలుపుకొనవలసివచ్చినపుడు కూడ ఆ చక్రవర్తి దానిచేత నమస్కారమునే చేయించినాడు.

ఎత్తు ఎక్కుటయే తప్పని భ్రమింపరాదు. భగవద్రామానుజులు తిరుక్కోష్టియూరులో ఆలయగోపురమును ఎక్కినారు. ఎందులకు? తాను పదునెనిమిది పర్యాయములు తిరిగి గురువువద్ద పొందిన రహస్యార్థమును క్రింద నున్న జనులకు పంచుటకు. తనకు నరకము వచ్చినను సరే, ఇందరు తరింతురు గదా యన్నారు. ఇచ్చుటకు ఎక్కినవానికి గోపురశిఖరమును ఒంటరిచోటు కాలేదు. చూడబడుటకు ఎక్కినవానికి అదియే చెరసాల యగును.

గృహస్థులారా! ఈ మాటలు దేశాంతరమున నున్న ప్రసిద్ధులకొరకు వ్రాయుటలేదు, మనకొరకే వ్రాయుచున్నాను. కోట్లు లేకున్నను ఈ రోగము మన ఇండ్లలో ప్రవేశించినది. పిల్లవాడు మార్కులు తెచ్చినపుడు నలుగురికి చూపుచున్నాము. వాడు దిగులుగా ఉన్నపుడు చూచుటలేదు. వాని బొమ్మను ఫోనులో ఎందరు మెచ్చిరో లెక్కించుచున్నాము; వాడు అన్నము సగము వదలి లేచినాడని గమనించుటలేదు. బాల్యముననే వానిని చూడబడు విగ్రహముగా చేయుచున్నాము. కావున నేను విన్నవించునది మూడు పనులు.

మొదటిది: దినమున ఒక్క పూటయైనను ఇంటిల్లిపాదియు కలసి కూర్చుండి విష్ణుసహస్రనామమును చదువుడు. గొంతు బాగుండనక్కరలేదు. పదిమంది గొంతులలో మన గొంతు కలసిపోవుట ఎంత విశ్రాంతియో, ఒంటరిగా పాడి మెప్పుపొందినవారికే తెలియును.

రెండవది: పేరు వ్రాయింపని కైంకర్యము ఒకటి చేయుడు. విరాళమిచ్చి రాతిపలకపై పేరు చెక్కించుకొనుటను నేను నిందింపను. కాని ఎవ్వరికిని తెలియకుండ, ఆలయప్రాంగణము ఊడ్చుటయో, తులసిమాల కట్టుటయో, పాత్రలు తోముటయో చేసి చూడుడు. స్వామికి మాత్రమే తెలిసిన పని ఒకటి మీ జీవితమున ఉన్నచో, మీకు స్వామికి నడుమ ఒక రహస్యమున్నట్లే. రహస్యమును పంచుకొను తోడు ఉన్నవాడు ఒంటరివాడు కాడు.

మూడవది: మీ బంధువులలో ధనము, పదవి, పేరు గలవారు ఎవరైన నుందురు. వారియింటికి ఒకసారి ఏమియు అడుగక, అటుకులమూటతో పోయినట్లు పోయి రండు. “భోజనమైనదా? నిద్ర పట్టుచున్నదా?” అని అడుగుడు. ఆ ప్రశ్నకొరకు వారు ఎన్నియేండ్లనుండి ఎదురుచూచుచున్నారో మీకు తెలియదు.

ఆ రాత్రి నా మనుమనికి నేను చెప్పినది ఇంతయే. వాడు విని, “అయితే తాతయ్యా, నేనేమి చేయాలి?” అని అడిగినాడు. “ఆదివారమునాడు కోవెలలో పాత్రలు తోముటకు నాతో రమ్ము” అంటిని. వచ్చినాడు. పెద్ద గంగాళములను రుద్దుచు, ప్రక్కనున్న ఇద్దరు పిల్లలతో ఏదో చెప్పి నవ్వుచుండగా చూచితిని. వాని ఒంటరితనము అంతటితో తీరినదని నేను చెప్పను. అది ఒకనాటితో తీరునది కాదు. పాటలు వినుటయు మానలేదు. మానుమని నేనును చెప్పలేదు. గది తలుపు మాత్రము అప్పుడప్పుడు తెరచియుంచుచుండెను.

నేను స్వదేశమునకు తిరిగివచ్చి చాల దినములైనది. ఆదివారమునాడు, అక్కడ రాత్రి, ఇక్కడ తెల్లవారుచుండగా, ఫోను మ్రోగును. “తాతయ్యా, నిన్న రాత్రి భోజనం చేశారా?” అని వాడు మొట్టమొదట అడుగును. శాలువలన్నియు ఒకవైపు, ఆ మాట ఒకవైపు.

శ్రీనివాసుడు మనలనందరిని శిఖరములనుండి మెల్లగా దించి, తన గడపవద్ద చేర్చుకొనుగాక!

ఓం నమో వేంకటేశాయ.